తెల్లవారని గురువారం వర్ధిల్లాలి!

రేపు అనేది రాకపోతే లోకానికి వచ్చే నష్టం ఏమీ లేదని నేను ఘంటాపథంగా చెబుతున్నాను. నష్టం లేకపోగా బోలెడంత లాభం!

ఆవేశపడకండి. నిదానంగా ఆలోచించండి. ఇవాళ గురువారం అనుకుందాం. పొద్దున లేస్తారు, పళ్ళు తోముకుంటారు, పనికి వెళతారు, పైవాడి చేత తిట్లు తింటారు, కిందివాణ్ణి తిడతారు, ఇంటికొచ్చి పడుకుంటారు. లేచేసరికి మళ్ళీ అదే గురువారం! ఏం పోయింది? ఇన్నాళ్ళూ మీరు చేస్తున్నది ఇదే కదా? కాకపోతే క్యాలెండరు కాగితం చింపే శ్రమ తప్పుతుంది.

పైగా ఎంతమంది పరువు నిలబడుతుందో చూడండి. "రేపు రండి" అన్న ఆఫీసు గుమాస్తా అబద్ధమాడినట్టు కాదు. బట్టలు రేపు ఇస్తానన్న దర్జీ మాట తప్పినట్టు కాదు. రేపటినుంచి నడకకి వెళతానన్న పొట్టాయన, రేపటినుంచి సిగరెట్టు మానేస్తానన్న బక్కాయన, "రేపు తీరిగ్గా మాట్లాడుకుందాంలే" అన్న మొగుడు, అందరూ సత్యసంధులే! పాలు విరగవు. పరీక్షల ఫలితాలు రావు. నెత్తిమీద ఒక్క వెంట్రుక కొత్తగా తెల్లబడదు. పళ్ళ డాక్టరు దగ్గరికి మీరు శుక్రవారం వెళ్ళాల్సి ఉంటే ఇక జన్మలో ఆ బెంగ అక్కర్లేదు.

ఇంత జ్ఞానం నాకెక్కడిదంటారా? మా అల్లుడు పెట్టిన భిక్ష. (మధ్యలో అచ్చుతప్పులు దొర్లితే సర్దుకోండి. నాకు మొన్నమొన్నటిదాకా కుడికన్ను మసక. ఆ సంగతి తర్వాత.)

మా అల్లుడు కథలు రాస్తాడు. అయ్యో పాపం అనకండి, జీతం వస్తుంది! ఫోనులో చదివే కథలవి. మామూలు కథలో రచయిత ఎటు లాక్కెళితే అటు పోవాలి. ఇందులో అలా కాదు. ప్రతి పేజీ కింద రెండో మూడో బటన్లుంటాయి. తలుపు తీయాలా? కిటికీలోంచి తొంగిచూడాలా? మంచం కింద దూరాలా? మీరు దేన్ని నొక్కితే కథ అటు తిరుగుతుంది. అంటే, రాసేవాడి తలనొప్పిలో సగం చదివేవాడికి పంచిపెట్టారన్నమాట.

అతను కొత్తగా రాసిన కథలో గొడుగులు బాగుచేసే ఒకాయన, ఆయన భార్య ఉంటారు. పాపం ఇద్దరూ ఓ వానాకాలపు గురువారంలో చిక్కుకుపోయారు. పొద్దున్నే కెటిల్ కూత పెడుతుంది. ఆవిడ కిటికీ దగ్గర కూర్చుని గొడుగుగుడ్డ కుడుతుంది. వీధి మలుపులో పోస్ట్‌మాన్ నీళ్ళగుంటలో పడతాడు. గాలికి తిరగబడిపోయిన గొడుగు పట్టుకుని ఓ లావుపాటావిడ దుకాణంలోకి వస్తుంది. సాయంత్రం వీధిదీపం వెలగడమే తరువాయి, మళ్ళీ కెటిల్ కూత! మళ్ళీ అదే గురువారం! ఈ సంగతి గొడుగులాయనకి ఒక్కడికే తెలుసు. ఆయన భార్యకి తెలియదు కాబట్టి రోజూ అవే మాటలంటుంది. సరైన బటన్లు నొక్కి వాళ్ళకి శుక్రవారం తెప్పించడమే చదివేవాళ్ళ పని.

కథని జనం మీదికి వదిలేముందు ఎవరైనా అన్ని బటన్లూ నొక్కి చూసి లోపాలు చెప్పాలట. ఆ ఉద్యోగం మా అల్లుడు మావారికి ఇచ్చాడు. ఇంతకంటే తగిన మనిషి భూమ్మీద దొరకడు! రిటైరయ్యేదాకా మావారు లిఫ్టుల ఇన్‌స్పెక్టరు. కొత్త బిల్డింగులో లిఫ్టు పెడితే ఆయన వెళ్ళి ప్రతి బటనూ నొక్కి, ప్రతి అంతస్తులోనూ తలుపు తెరిపించి, చెవి ఒగ్గి మోటారు చప్పుడు విని, అప్పుడు సంతకం పెట్టేవారు. తాడు ఎక్కడో పైన కాస్త రాసుకుంటుంటే కిందనుంచే పసిగట్టే చెవులు ఆయనవి. మనుషుల గొంతు విషయంలో మాత్రం ఆ చెవులు సర్వీసులో ఉండగానే రిటైరయ్యాయి.

ఆ గురువారం మా ఇంట్లోకి వచ్చాక ఎంత మార్పు! వెనకటికి రిటైరైన మనిషి ఇంట్లో ఉంటే ఎలా ఉండేదో అనుభవించినవాళ్ళకి చెప్పక్కర్లేదు. గిన్నె చప్పుడైతే ఎందుకని అడిగేవారు. చప్పుడు కాకపోతే ఏం చేస్తున్నావని అడిగేవారు. ఫ్యాను మూడులో ఎందుకుంది, రెండులో ఎందుకు లేదు అని విచారణ కమిషన్ వేసేవారు. ఇప్పుడు? నేను ఇంట్లో ఉన్నానో లేదో కూడా ఆయనకి తెలియదు. ఇంత స్వాతంత్ర్యం ఏ భార్యకి దక్కింది చెప్పండి?

ఆయన మనసు కూడా వెన్నలా మారిపోయింది. అన్నం దగ్గర కూర్చుని ఉన్నట్టుండి ముద్ద ఆపేస్తారు. ఏమైందో అని నేను కంగారుపడతాను.

"పాపం, ఆ పోస్ట్‌మాన్ ఇవాళ కూడా పడ్డాడు" అంటారు.

ఆ పోస్ట్‌మాన్‌ని నిలబెట్టడానికి ఆయన చేయని ప్రయత్నం లేదు. గుంట మీద పలక వేశారు. అరిచి హెచ్చరించారు. ఎదురెళ్ళి ఉత్తరాల సంచీ తానే మోశారు. అదే వారంలో మా గుమ్మం ముందు గ్యాసు బండ తెచ్చినాయన కాలుజారి నిజంగానే పడ్డాడు. నేనే వెళ్ళి లేపాను. మావారు తల తిప్పి చూసి, "అక్కడ బటన్ ఏదీ లేదుగా" అన్నారు.

మర్యాద సంగతి చెప్పనా? గొడుగులాయన భార్యకి మావారు రోజూ టీ కాచి ఇస్తారు. ఆవిడ వీపుకి చల్లగాలి తగలకుండా కిటికీ మూస్తారు. ఆవిడ కింద పడేసిన దారపుండ వంగి తీసిస్తారు. మా ఇంట్లో ఆయన వంగగా చూసింది సోఫా కిందకి పోయిన టీవీ రిమోటు కోసమే! ఒకరోజు ఆ ఊపులో మా వంటింట్లోకి కూడా వచ్చి టీ పెట్టారు. "రెండో అరలో ఎడమపక్క పంచదార" అని గొణుక్కుంటూ డబ్బా తీసి గబగబా రెండు చెంచాలు వేశారు. పంచదార ఉండేది గొడుగులాయన వంటింటి రెండో అరలో. మా రెండో అరలో ఉండేది ఉప్పు. అయినా ఆయన చేత్తో ఇచ్చిన టీ కదా, కళ్ళు మూసుకుని తాగేశాను.

ఇక అసలు సంగతికి వస్తాను. ఆ కథలో గొడుగులాయన భార్య పొద్దున్నే సూది పట్టుకుని ఇలా అంటుంది: "ఏమండీ, కుడికంటికి అడ్డంగా ఎవరో పల్చటి తెర కట్టినట్టుందండీ. దారం ఎక్కించబోతే రెండు సూదులు కనిపిస్తున్నాయి. ఏది నిజం సూదో తెలియక గాల్లో గుచ్చుతున్నాను. వింటున్నారా?"

మావారు ఈ మాటలకి కరిగిపోయారు. నన్ను పిలిచి మరీ చదివి వినిపించారు.

"ఏం రాశాడోయ్ అల్లుడు! ఏది నిజం సూదో తెలియడం లేదట! ఎంత సహజంగా ఉంది చూడు. ఇలా మాట్లాడే ఆడవాళ్ళు ఈ రోజుల్లో ఎక్కడున్నారు?"

"ఉన్నారండీ. నాకూ కుడికన్ను అలాగే ఉంది" అన్నాను.

"ఆఁ" అన్నారు మావారు.

ఈ "ఆఁ" గురించి మీకు కొంచెం చెప్పాలి. ఇది ఔను కాదు, కాదు కాదు. విన్నానని కాదు, వినలేదనీ కాదు. తలుపు కొట్టిన చప్పుడుకి లోపల్నుంచి కుక్క గుర్రుమన్నట్టు, మనిషితో సంబంధం లేకుండా గొంతే సొంతంగా పలికే శబ్దం. పెళ్ళయిన కొత్తలో నేను దాన్ని జవాబు అనుకునేదాన్ని.

పొరుగింటి పుల్లకూర రుచి అన్నారు పెద్దలు. పొరుగింటావిడ కంటిమసక కూడా రుచేనని వాళ్ళకి తోచలేదు! కానీ ఇక్కడ చిన్న తిరకాసుంది. ఆ కూర పొరుగింటిది కాదు. వండింది నేనే.

మొన్న ఎండలప్పుడు మా అల్లుడూ అమ్మాయీ వచ్చి కొన్నాళ్ళున్నారు. ఓ మధ్యాహ్నం అల్లుడు ల్యాప్‌టాప్ పట్టుకుని వంటింట్లోకి వచ్చి నా పక్కన పీట వేసుకుని కూర్చున్నాడు.

"అత్తయ్యా, కథలో ఒక పెద్దావిడ ఉంది. పొద్దున లేవగానే మొగుడితో మాట్లాడాలి. నేను రాస్తుంటే నాటకంలా వస్తోంది. మీరైతే ఏమంటారు?"

నేనైతే ఏమంటానో చెప్పాను. కష్టమేముంది? రోజూ అనేదే! అతను టకటకా కొట్టుకున్నాడు.

"దానికి ఆయన ఏమంటారు?"

"ఆఁ అంటారు."

"ఆ తర్వాత మీరు?"

"తర్వాత ఏముంది బాబూ, మళ్ళీ మర్నాడు పొద్దున చెప్తాను."

అతని వేళ్ళు ఆగిపోయాయి. నా మొహంలోకి ఒకసారి చూసి మళ్ళీ తల దించుకున్నాడు. కాసేపటికి, "మధ్యలో ఆపకుండా ఉంటే ఇంకా ఏం చెప్పేవారు అత్తయ్యా?" అని అడిగాడు. నేను చెబుతూ పోయాను, అతను కొడుతూ పోయాడు. పొయ్యిమీద కూర మాడిందని ఇద్దరికీ తెలియలేదు.

వాళ్ళు వెళ్ళిపోయాక నేను ఒక్కదాన్నే కంటి ఆస్పత్రికి వెళ్ళాను. శుక్లం బాగా ముదిరిందన్నారు. ఎడమకన్ను చూపు నాకు మొదట్నుంచీ అంతంతమాత్రమే. ఇంకా నాన్చితే ఆపరేషన్ కష్టమవుతుంది, చూపు తిరిగి రాకపోవచ్చు కూడా, వెంటనే చేయించుకోండి అన్నారు. సరే చేయండి అంటే, తోడు ఎవరొచ్చారని అడిగారు. చుక్కలమందు వేశాక కళ్ళు కనిపించవు, చెయ్యి పట్టుకుని ఇంటికి తీసుకెళ్ళే మనిషి లేకుండా లోపలికి పంపడం వాళ్ళ పద్ధతి కాదట. వెనక్కి పంపేశారు.

పక్కింటావిడని పిలుచుకోవచ్చుగా అంటారు మీరు. పిలవొచ్చు. అమ్మాయి సెలవు పెట్టి వస్తానంది, రమ్మనొచ్చు. కానీ నాకు ఒళ్ళు మండింది. మనిషి ఒకే సోఫాలో పక్కన కూర్చుని ఉండగా తోడు కోసం ఊరంతా వెతుక్కోవడమేమిటి? చీకటైపోయినా సరే, ఈయన నోటితో "పద" అనేదాకా కదలకూడదని మొండికేశాను. తెలివితక్కువ పనే. కన్ను నాది, పోయేదీ నాకే. ఆ బెంగ రోజూ ఉండేది.

ఇక కథలోకి వస్తే, మావారు అన్ని బటన్లూ అయిపోగొట్టారు. దుకాణం మూశారు, ఊరు వదిలి పారిపోయారు, కెటిల్‌ని వీధిలోకి విసిరారు, వెలగకుండా వీధిదీపాన్ని రాయి పెట్టి కొట్టారు. ఏం చేసినా మళ్ళీ కెటిల్ కూతే. మిగిలిపోయింది ఒక్క బటను. కిటికీ దగ్గరి పేజీలో అన్నిటికంటే కింద ఉంటుంది: "ఆమె చెప్పేది చివరిదాకా విను."

"అది నొక్కారా?" అని ఓసారి ఉండబట్టలేక అడిగాను.

మావారు నవ్వారు. అనుభవజ్ఞుల నవ్వు అది. "నీకు తెలియదోయ్. లిఫ్టులో తలుపు మూసే బటన్ ఉంటుంది చూడు, చాలావాటిలో దానికి వైరే ఉండదు. తలుపు ఎలాగూ దానంతటదే మూసుకుంటుంది. తొందరపడేవాళ్ళ తృప్తి కోసం పెడతారు. ఇలాంటి ఉత్త బటన్లు నేనెన్ని చూశాను! ఇదీ అంతే."

ఆ తర్వాత అల్లుడికి ఫోన్ చేసి, స్పీకర్ పెట్టి మరీ తన తనిఖీ ఫలితం వినిపించారు.

"బాబూ, వాన బాగుంది. పోస్ట్‌మాన్ బాగున్నాడు. ఆవిడ పాత్ర అద్భుతం. కానీ ఆ గొడుగులాయన బొత్తిగా కుదరలేదు. పెళ్ళాం కన్ను కనపడ్డంలేదని రోజూ మొత్తుకుంటుంటే ఉలకడు పలకడు, దున్నపోతు మీద వాన పడ్డట్టు! అలాంటి మొగుడు లోకంలో ఎక్కడైనా ఉంటాడా? జనం నమ్మరయ్యా. మార్చెయ్."

అల్లుడు, "అన్ని బటన్లూ చూశారా మావయ్యగారూ?" అన్నాడు.

ఇన్‌స్పెక్టరుని ఆ మాట అడగొచ్చా? పౌరుషం పొడుచుకొచ్చింది. ఫోన్ పెట్టేసి, "సరే, ఆ ఉత్త బటనూ నొక్కేస్తే ఒక పనైపోతుంది" అంటూ నొక్కారు.

నొక్కాక తెలిసింది. ఆ పేజీకి అంతులేదు, దాటేసి పోవడానికి దారీ లేదు. వేలితో జరుపుతూ చదవాల్సిందే. ఆవిడ చెబుతూనే ఉంది. మెట్లు దిగేటప్పుడు చివరి మెట్టు ఉందో లేదో తెలియక కాలు ఊపి చూసుకుంటున్నానంది. ఆస్పత్రికి వెళితే తోడు లేదని వెనక్కి పంపారంది. (ఇది తర్వాత నేను అల్లుడికి ఫోన్‌లో చెప్పి చేర్పించాను.) ఇంకా ఇలా అంది: "మొన్న మీ నీలం చొక్కాకి గుండీ ఊడితే కుట్టాను. తెల్లదనుకునే కుట్టాను. అది పసుపుపచ్చదట, ఇస్త్రీ చేసే ఆమె చెప్పింది. అప్పట్నుంచీ మీరు అదే తొడుక్కుని తిరుగుతున్నారు. నా కన్నంటే పాడైంది. మీ కళ్ళకేమైందండీ?"

మావారి వేలు ఆగింది. తల వంచి చూసుకున్నారు. ఆ రోజు తొడుక్కున్నది నీలం చొక్కాయే. మూడో గుండీ పసుపుపచ్చగా మెరుస్తోంది.

ఆయన ఫోన్ పక్కన పెట్టారు. పెట్టి, నావైపు తిరిగి, "నీ కన్నుకేమైంది?" అన్నారు.

ఈ ప్రశ్న వస్తే ఏం దులపాలో నేను ఏళ్ళతరబడి తయారుచేసుకుని ఉన్నాను. ఎంత పదునైన మాటలనుకున్నారు! ఒక్కటీ గుర్తురాలేదు. ఏడుపొచ్చింది. లోపలికెళ్ళి ఎప్పటినుంచో సర్దిపెట్టుకున్న సంచీ తెచ్చుకుని చెప్పులేసుకున్నాను.

ఆస్పత్రి కౌంటరులో నర్సు "తోడు ఎవరమ్మా?" అంటే, మావారు సర్టిఫికెట్టు మీద సంతకం పెట్టేంత గంభీరంగా "నేనే" అన్నారు. పైకి తీసుకెళ్ళే లిఫ్టులో అలవాటుకొద్దీ తలుపు మూసే బటన్ మీద వేలు పెట్టారు. ఠక్కున మూసుకుంది! ఆయన మొహం చూడాల్సింది. మసకలో నేను సరిగ్గా చూడలేకపోయానన్నదే బాధ.

ఆపరేషన్ బాగా జరిగింది. వచ్చేటప్పుడు నా చెయ్యి వదల్లేదు. చుక్కలమందు ఆయనే వేశారు. పంచదార ఏ అరలో ఉంటుందో నేర్చుకున్నారు. కథలో గొడుగులాయనకి శుక్రవారం తెల్లారింది, మా ఇంట్లోనూ తెల్లారింది. కాబట్టి పాఠక మహాశయులారా, ఒకే రోజులో ఇరుక్కోవడం వరమని నేనన్నది ఉత్తమాటేనా? ప్రతి ఇంటికీ ఓ అల్లుడూ ఓ గురువారమూ ప్రభుత్వమే సరఫరా చేయాలి!

కట్టు తీసేశాక లోకమంతా కడిగి ఆరేసినట్టు కనిపించింది. గోడమూల సాలెగూళ్ళు, మావారి చెవులమీద వెంట్రుకలు, అన్నీ. ఇన్నాళ్ళూ బూడిదరంగు అనుకున్న మా కిటికీ తెర లేత ఆకుపచ్చదని తెలిసి ఎంత సంబరమైందో! నిన్న పొద్దున టీ తాగుతూ ఆ మాటే ఆయనకి చెప్పాను. ఆ తెర కొన్ననాడు మేమిద్దరం వానలో తడుస్తూ ఇంటికి రావడం కూడా గుర్తొచ్చి, అదీ చెప్పబోయాను.

"వింటున్నారా?"

"ఆఁ" అన్నారు.

చేతిలో ఫోనుంది. అల్లుడు రెండో భాగం పంపాడట. ఈసారి గొడుగులాయన శుక్రవారంలో చిక్కుకున్నాడు.

నేను టీ కప్పు పట్టుకుని వంటింట్లోకి వచ్చి అల్లుడికి ఫోన్ చేశాను.

"చెప్పండి అత్తయ్యా. ఆవిడకి ఈసారి మోకాలునొప్పి పెడదామా?"

"వద్దు బాబూ. ఏ జబ్బూ పెట్టకు. ఒంట్లో శుభ్రంగా ఉంది. ఆయన పక్కన కూర్చుని ఊరికే ఏదో చెప్పాలనుకుంటుంది. కిటికీ తెర రంగు గురించి. అంతే. అది ఆయన చివరిదాకా వింటేనే శనివారం తెల్లారాలి."



"అది మరీ కష్టమైన లెవెల్ అత్తయ్యా. ఎవరూ దాటలేరు."

"పెట్టు బాబూ. మీ మావయ్య ఏ బటనూ వదిలే మనిషి కాదు, ఎప్పటికో దాని దగ్గరికీ వస్తారు. నేనెక్కడికి పోతాను? ఈ శుక్రవారంలోనే కూర్చుని ఉంటాను."